మీగడ గంట

1. తోడు పలచన.

పొద్దున్నే కుండలు కడిగాను. బూడిదతో తోమి, ఎండలో బోర్లించి, పిడకల పొగ పట్టించాను. ఈ పని పెద్దమ్మ పాడుతూ చేసేదని ఊళ్ళో చెప్తారు. నేను సణుగుతూ చేస్తాను. కుండకి రెండూ ఒకటే.

కొండ ఊట నుంచి పచ్చికాలం, అంటే ఇంకా పేరుకోని కాలం, మోసుకొచ్చి, గోరువెచ్చగా కాచి, కుండల్లో పోసి, తలా ఇంత తోడు వేసి మూతలు పెట్టాను. మధ్యాహ్నానికి పేరుకోవాలి. పేరుకున్న కుండ ఏ ఇంట్లో ఉంటే ఆ ఇంట్లో అన్నం ఉడుకుతుంది, పుండు మానుతుంది, పిల్లలు ఎదుగుతారు. అది లేని ఇంట్లో పొయ్యి మండుతూనే ఉంటుంది, బియ్యం బియ్యంగానే ఉంటాయి. కాలం దానంతటది నడిచే ఊళ్ళు ఎక్కడో ఉన్నాయంటారు. వాళ్ళెంత అదృష్టవంతులో, కుండలు మోయక్కర్లేదు.

మూత తీసి చూస్తే జావలా ఉంది. వేలు పెడితే మునిగిపోయింది. సాయంత్రం చేపలవాళ్ళ కోడలు నిన్నటి కుండ తిరిగి పట్టుకొచ్చింది. "ఏటిది ఎర్నమ్మప్పా, నీల్లిచ్చినావు. అంబలి కూడా ఉడకనేదు" అంది. ఇంకో కుండ ఇచ్చాను. అదీ అంతంతమాత్రమే, ఆ సంగతి ఆమెకి చెప్పలేదు.

తప్పు తోడుకుండలోనే ఉంది. మా ముత్తవ్వల నాటి నుంచి తెగకుండా వస్తున్న తోడు అది. అది బతకాలంటే దాన్ని చూసుకునే మనిషి రోజూ తను బతికిన గంట ఒకటి పోయాలి. ఏదో ఒక గంట కాదు, ఆ రోజుకల్లా మంచిది. దాన్ని మీగడ గంట అంటాం. చెయ్యి మణికట్టుదాకా ముంచితే గంట చేతిలోంచి దిగిపోతుంది. ఆ తర్వాత అది మనది కాదు, గుర్తు కూడా ఉండదు. చల్లారితే తోడుకి పనికిరాదు కాబట్టి వేడి మీదే పోయాలి. అంచేత నవ్వు వస్తోందంటే లేచి పరుగెత్తడమే నా పని. పెళ్ళివారింట్లో నేను మధ్యలో లేచానంటే అందరూ సంబరపడతారు, ఎర్నమ్మకి ఇక్కడ బాగుందని.

మా ఆయన పోయి చాలా ఏళ్ళయింది. బంగారంలాంటి మనిషని ఇప్పటికీ ఊరంతా అంటుంది. అయ్యే ఉంటాడు. నాకు మాత్రం ఆయన గురక గుర్తుంది, కూరలో ఉప్పు చాల్లేదని మూతి ముడుచుకోవడం గుర్తుంది. మిగతా మొగుడు కుండలో ఉన్నాడు. ఊరు ఆయన్ని ఎప్పుడో తిని అరిగించుకుంది.

ఇంత పోసీ ఇదీ బతుకు. పడుకుంటే లేవాలనిపించట్లేదు.

2. తోడు ఇంకా పలచన.

తమ్ముడు అసిరయ్య పెరటి గుమ్మంలోంచి వచ్చాడు. వీధి గుమ్మంలోంచి వస్తే ఎవరైనా చూస్తారని వాడి భయం. వాడు పొడి అమ్ముతాడు. పైనాడు నుంచి మూటల్లో వచ్చే పొడి చిటికెడు వేస్తే పచ్చికాలం అక్కడికక్కడే గచ్చులా బిగుసుకుంటుంది. తోడూ అక్కర్లేదు, గంటలూ పోయక్కర్లేదు. ఊళ్ళో దాదాపు అంతా వాడి గిరాకీలే. పాతతోడు పట్టుకుని వేళ్ళాడుతున్నవి మా నాలుగు కొంపలే.

"అప్పా, వరాలుకి నెలలు నిండొచ్చినాయి" అన్నాడు గుమ్మంలోనే నిలబడి.

వరహాలు వాడి ఒక్కగానొక్క కూతురు, నా మేనకోడలు. తొలి చూలు.

"ఐతే ఏటి? నీ కొట్టు నిండా మూటలే కదేటి. ఒకటి విప్పి పొయ్యి" అన్నాను.

"ఎత్తిపొడవకే. పురిటికి పొడి పనికిరాదని నీకు తెల్దేటి?"

తెలుసు. పొడి కాలం చదునుగా పోతుంది. ఇటుక ఆరడానికి, జిగురు పట్టడానికి దాన్ని మించింది లేదు. పురిటిదానికి అలా కుదరదు. నొప్పి రావాలి, పోవాలి, మధ్యలో కాస్త తెరిపి ఇవ్వాలి. పొడి కాలంలో తెరిపి ఉండదు, వచ్చిన నొప్పి వచ్చినట్టే ఉంటుంది. కిందటేడు కంసాలి వీధిలో ఇద్దరు అలాగే పోయారు, తల్లీ బిడ్డా. అప్పట్నుంచీ పొడివాళ్ళు కూడా పురుడంటే మా పెరట్లోకే వస్తున్నారు.

పురిటికుండ మామూలు కుండ కాదు. వేలితో మీటితే ఖణేల్మనేంత గట్టిగా పేరుకోవాలి. నా కుండలు చూస్తే జావ. ఆ మాట వాడితో చెప్పలేకపోయాను.

"ఇస్తాను పో" అన్నాను.

వాడు వెళ్ళాక లోపలికెళ్ళి పెద్దమ్మ దగ్గర కూర్చున్నాను. మా అమ్మ అక్క, పారమ్మ. నాకు ముందు తోడుకుండ చూసింది ఈవిడే. అమ్మ పోతే నన్ను పెంచిందీ ఈవిడే. ఇప్పుడు మంచం మీంచి లేవలేదు, గంజి తప్ప ఏదీ దిగదు.

"తోడు సచ్చిపోతంది పెద్దమ్మా" అన్నాను.

"నీకన్నా ముందు నాను సస్తాను, నాకేటి సెప్తావే" అంది కళ్ళు తెరవకుండా. ఆవిడ ఎప్పుడూ ఇంతే. ఓదార్పు కావాలంటే వేరే ఇంటికి వెళ్ళాలి.

3. తోడు నీళ్ళు.

తవిటయ్యగారికి కబురు పెట్టాను. పాతతోడు కొంపల్లో ఆయనే పెద్ద; ఒకప్పుడు ఆ ఇళ్ళవాళ్ళూ పండగకో పబ్బానికో తమ గంట ఒకటి ఈ కుండలో పోసేవాళ్ళు. వచ్చి, తోడుకుండలోకి తొంగి చూసి, గెడ్డం నిమురుకుని, "నీ మీగడలో సారం తగ్గిపోనాది ఎర్నమ్మా" అని తేల్చేశారు.

"ఇంతకన్నా సారం నాకాడ నేదు బాబూ" అన్నాను.

"నేకపోతే తెద్దారి. నిన్ను సంతోసపెట్టుకోనేమేటి మేమందరం?"

మర్నాటి నుంచి మొదలెట్టారు. నాలుగు కొంపలవాళ్ళూ నన్ను సంతోషపెట్టడానికి కంకణం కట్టుకున్నారు. ఒకావిడ పాలకోవా వండి తెచ్చింది. ఒకాయన, కుడికాలు వాచినా సరే, ఆడవేషం కట్టి గెంతాడు. తవిటయ్యగారు స్వయంగా తన పెళ్ళినాటి పరాచికాలు చెప్పారు. చెప్తూ మధ్యమధ్యలో నా మొహంలోకి చూసి, "వొచ్చిందా? నవ్వొచ్చిందా?" అని అడగడం ఒకటి. నాకు తిక్క రేగింది. అయినా వాళ్ళ తాపత్రయం చూస్తే జాలేసి, మధ్యలో ఎక్కడో నిజంగానే బాగుండే ఉంటుంది. ఎందుకంటే మూడు రోజులూ మూడుసార్లు నేను తోడుకుండ దగ్గర చెయ్యి తడితో నిలబడి ఉన్నాను. ఏం పోశానో తెలియదు. కోవా రుచి ఎలా ఉందని తెచ్చినావిడ అడిగితే బాగుందన్నాను. నాలిక మీద మాత్రం ఏమీ లేదు.

మూడో రోజు తోడు పూర్తిగా నీరు కారిపోయింది. దీపం పెట్టి చూస్తే కుండ అడుగు కనిపించింది.

పెద్ద మనుషులు, ముసలి మోకాళ్ళతో నా కోసం గెంతారు. దండగ.

4. తోడు పేరుకుంది. ఎందుకో తెలియదు.

పొద్దున్నే మూత తీసి నమ్మలేకపోయాను. వేలు పెడితే ఆగింది. చిటికెనవేలంత తీసి పక్క కుండలో వేస్తే అదీ మధ్యాహ్నానికి కుదురుకుంది. ఎంత సంబరమో! నిన్న ఏం పోశానో గానీ గొప్ప గంటే అయ్యుంటుంది. నిన్న మధ్యాహ్నం పొయ్యి దగ్గర కూర్చోవడం గుర్తుంది. ఆ తర్వాత కుండ దగ్గర నిలబడి ఉండటం గుర్తుంది. మధ్యలో ఎవరో ఏదో చక్కటి మాట చెప్పి ఉంటారు.

అసిరయ్య వచ్చాడు. ఈసారి వీధి గుమ్మంలోంచే. మొహం ధుమధుమలాడుతోంది.

"రారా, కూకో. అట్టు ఏసీనా?" అన్నాను.

వాడు నన్ను ఎగాదిగా చూశాడు. "నిన్న అన్నన్ని మాటలనీసి ఇయాల అట్టు ఏస్తానంటావేటి? సిగ్గు నేదా నీకు?"

"నానేటన్నాను?"

"ఏటన్నావా! నీల్ల కుండతో నా కూతుర్ని సంపీస్తావేటని నానన్నాను. ఆడోల్ల ఉసురు మూటకట్టి అమ్ముకునే ఎదవవని నువ్వన్నావు. అమ్ముంటే నీ మొహం సూసేది కాదన్నావు. ఈదంతా ఇన్నాది. అంతనేసి, ఇయాల్టికి ఇదే మీగడ, ఇదే పోస్తాను సూడు అని ఎల్లి సెయ్యి ముంచీసినావు. సిన్నప్పుడూ ఇంతే నువ్వు, ఇస్తరి ఇసిరికొట్టీసీదానివి."

నాకేమీ గుర్తులేదు. వాడి మీద కోపం ఇంతైనా లేదు. వాడి కళ్ళ కింద నలుపు చూసి జాలేసింది, పాపం కూతురి కోసం నిద్ర పట్టట్లేదు కాబోలు. అప్పుడు అర్థమైంది. నేను పోసింది మీగడ కాదు. పోట్లాట. దాంతోనే పేరుకుంది.

పాలు తోడు పెట్టే ఆడదాన్ని, ఇన్నేళ్ళూ తట్టలేదే నాకు! పులుపు లేనిదే ఏదైనా పేరుకుంటుందా? తరాల తరబడి తీపే పోశాం. తీపి మీద తీపి పోసి తోడుని చంపేశాం.

"అట్టు తిని ఎల్లు" అన్నాను వాడితో. కూర్చుని నాలుగు తిన్నాడు.

5. తోడు ఫరవాలేదు.

తవిటయ్యగారికి చెప్పాను. చెప్పకుండా ఉండాల్సింది.

"తోడుకుండలో జగడం పోసినావా?" అన్నారు. "మా అమ్మ ఆకరి పండగ పోసింది అందులో. నా తొలి బిడ్డ నవ్వు పోసినాను నాను. దాని మీద నువ్వెల్లి కల్లు పాక తిట్లు పోస్తావా?"

"పేరుకుంది కదా బాబూ."

"పొడి వేసినా పేరుకుంతాది! అప్పుడిక నీకూ నీ తమ్ముడికీ తేడా ఏటి?"

లోపలి నుంచి పెద్దమ్మ గొంతు వినిపించింది. "ఒరే తవిటీ, అరవకు. మంచిదే పొయ్యాలని ఎవులు సెప్పినారు? మనమే పెట్టుకున్నాం. దేవుడికి పుచ్చు వంకాయ పెట్టం కదాని, కుండకీ పుచ్చు గంట పొయ్యకూడదనుకున్నాం. కుండ దేవుడేటి? దానికేటి కావాలో అడిగినామా ఎప్పుడైనా?"

తవిటయ్యగారు "ఈ గుమ్మం ఇక తొక్కను" అని కండువా దులుపుకుని వెళ్ళిపోయారు. వెళ్తుంటే నడుం వంగిపోయి కనిపించింది. ఆయన మీద నాకు కోపం రాలేదు. బిడ్డ నవ్వు ఇచ్చేసుకున్న మనిషి, అది అక్కర్లేకుండానే ఇచ్చానని ఎలా ఒప్పుకుంటాడు? నాకూ మింగుడు పడట్లేదు. నా మొగుడు కూడా అక్కర్లేకుండానే కుండలో పడ్డాడన్నమాట. రోజంతా అదే ఆలోచన, ఏ పనీ చేతికి రాలేదు.

అప్పట్నుంచి చేదు గంటలు పోస్తున్నాను, ఏది పోస్తున్నానో ముందే ఇక్కడ రాసి పెట్టుకుని. నడుంనొప్పి గంట. పక్కింటావిడ కొత్త కోక చూసి కుళ్ళుకున్న గంట. పెద్దమ్మ పక్క మార్చేటప్పుడు ఆవిడ మూలుగు విన్న గంట. అన్నానికీ పుండ్లకీ సరిపోయేంత పేరుకుంటోంది. ఖణేల్మనట్లేదు. పురిటికి ఇది చాలదు. నా చిన్న చిన్న చేదులకి అంత పులుపు లేదు.

6. తోడు అలాగే ఉంది.

తెల్లవారుతూనే అసిరయ్య పరుగెత్తుకొచ్చాడు. వరహాలుకి నొప్పులు మొదలయ్యాయి. చెప్పిన నాటికన్నా ముందే.

"కుండ అయ్యిందా అప్పా?"

"మద్దానానికి తెస్తాను. అందాకా నానిచ్చిన మామూలు కుండే ఉంచండి, పొడి మాత్రం ముట్టుకోవద్దు" అన్నాను. వాడు నా చేతులు పట్టుకున్నాడు, వదల్లేదు, విడిపించుకుని పంపాను.

లోపలికి వచ్చేసరికి పెద్దమ్మ ఊపిరి మారింది. రాత్రే అనుమానం వేసింది. గొంతులో గరగర, కాళ్ళు చల్లగా. నన్ను చూసి దగ్గరికి రమ్మంది.

"ఇన్నాను. వరాలు గుంటకి నొప్పులట కదా" అంది. "నా సావు పొయ్యి."

అర్థమైంది. అర్థం కానట్టు దుప్పటి సర్దాను.

"ఒలే ఎర్నీ, సెప్పీది ఇను. నాను పోయీ గంట పొయ్యి. దానికి మించిన పులుపు నీకు దొరకదు."

"నాను పొయ్యను."

"ఎందుకు పొయ్యవు?"

"అది నాకు కావాలి." నా గొంతు నాకే కొత్తగా ఉంది. ఏడుస్తూ అరిచాను. "నీ సావు నాకు కావాలి పెద్దమ్మా. మొగుడు పోయినప్పుడు గుర్తుంది గానీ మొగుడు గుర్తునేడు. నాకెవులూ పూర్తిగా నేరు. నువ్వు పోయీటప్పుడైనా నాను నీకాడ ఉండాలి. ఉన్నానని నాకు తెలియాలి."

ఆవిడ చెప్పింది, ఆగి ఆగి. "నీ తొలి మాట నాను ఇన్నానట. నాకు తెల్దు. నువ్వు నడిసొచ్చి నా కాల్లు సుట్టీసినావట, ఊరోల్లు సెప్పినారు. నాకు నీ జొరాలు తెలుసు, పేలు తెలుసు, నువ్వు మొండికేసి కింద పడి దొర్లీది తెలుసు. మిగిల్నదంతా కుండలో పోసీసినాను. ఐనా నిన్ను పెంచినాను కదేటి? తెలకపోతే ఏటి, పెంచినాను కదా."

"నువ్వు పోసినావని నాను పొయ్యాలా?"

"నువ్వు పొయ్యకపోతే ఆ గుంట సస్తాది. ఎవల సావు కావాలో సూసుకో."

ఇంత కఠినంగా ఎవరైనా చెప్తారా చచ్చిపోతూ? పెద్దమ్మ చెప్తుంది. నేను కుదరదన్నాను. లేచి పచ్చికాలం కాచి, కుండలో పోసి, పొద్దుటి నుంచీ పడ్డ ఈ రంపపుకోతనే పోద్దామని చెయ్యి తోడుకుండ దగ్గరికి తెచ్చాను. అప్పటికే ఆ గంట చల్లారిపోయింది. ఎవరో గుమ్మంలో నిలబడి ఉన్నారు, తవిటయ్యగారు, ఇక తొక్కనన్న గుమ్మంలోనే. పారమ్మని ఒకసారి చూసి పోతానన్నారు. సరే రమ్మని, ఆయన కూర్చోడానికి గుమ్మం దగ్గరే పీట వేశాను.

తోడుకుండ దగ్గర నిలబడి ఉన్నాను. చెయ్యి తడిగా ఉంది. పొద్దు నడినెత్తికి వచ్చింది.

7. తోడు రాయిలా ఉంది.

ఇది సాయంత్రం రాస్తున్నాను.

పీట వేయడం దగ్గర్నుంచి తడి చెయ్యి దాకా నా దగ్గర ఏమీ లేదు. ఎందుకు ఒప్పుకున్నానో తెలియదు. ఆ ఒప్పుకోవడం కూడా అందులోనే పోయింది. పెద్దమ్మ ఉన్న గదిలోకి తొంగి చూడలేదు, చూడాల్సిన పని లేదు. కొత్త కుండలో తోడు వేయగానే నా కళ్ళ ముందే పేరుకుంది. వేలితో మీటాను. ఖణేల్మంది. అలాంటి చప్పుడు నేను ఎన్నడూ వినలేదు.

కుండ నెత్తిన పెట్టుకుని అసిరయ్య ఇంటికి నడిచాను. పెద్దమ్మ పోయిందని నాకు తెలుసు. ఏడుపు రాలేదు. పొరుగూరిలో ఎవరో పోయారని విన్నట్టుంది, అంతే. ఏడుద్దామని దారిలో ఆగాను కూడా. పట్టుకోడానికి ఏమీ దొరకలేదు.

వరహాలు మంచం కింద కుండ పెట్టాం. పెట్టగానే దానికి తెరిపి దొరికింది. "అత్తా, ఆగింది" అంది, వెంటనే అంత నొప్పిలోనూ నవ్వింది. మళ్ళీ నొప్పి, మళ్ళీ తెరిపి. తెరిపి దొరికినప్పుడల్లా ఉగ్గిన్నెతో నీళ్ళు తాగించాను. ఆఖరికి మంత్రసాని "తలొచ్చిందర్రా" అని అరిచింది. ఆడపిల్ల. ఒళ్ళంతా వెన్న, నల్లటి జుట్టు, ఎడమ చేతి పిడికిలి మాత్రం బయటికి రాగానే విప్పేసింది. అసిరయ్య తలుపు అవతల నేల మీద చతికిలబడి గట్టిగా ఏడ్చాడు. మంత్రసాని బిడ్డని తుడిచి నా చేతుల్లో పెట్టింది. బరువు తక్కువ. పచ్చి వాసన. కోళ్ళు అరుస్తున్నాయి బయట.

అలవాటు కొద్దీ నా కాళ్ళు లేవబోయాయి, మంచి గంట కదా, పరుగెత్తాలి కదా అని. కూర్చునే ఉన్నాను. ఇది ఎవరికీ పోయక్కర్లేదు. ఎంత భయమేసిందో! ఇంత మంచిది ఉంచుకుని ఏం చేస్తారు మనుషులు?

ఇంటికి వచ్చేసరికి పెద్దమ్మకి స్నానం చేయించి, చాప మీద పడుకోబెట్టి ఉంచారు. తవిటయ్యగారు పక్కనే కూర్చున్నారు. ఆయన మొహం పీక్కుపోయి ఉంది.

"బిడ్డ?" అన్నారు.

"ఆడపిల్ల. ఇద్దరూ కులాసా."

తలూపారు. నేను ఆయన ఎదురుగా కూర్చుని అడిగాను. "సెప్పండి బాబూ. నానేటి సేసినాను?"

ఆయన చెప్పారు. చెప్పడం అలవాటు లేని మనిషి, వెనకదీ ముందుదీ కలిపేస్తూ చెప్పారు. నేను పెద్దమ్మ తల ఒళ్ళో పెట్టుకున్నానట. తడిగుడ్డతో పెదాలు తుడిచానట. ఒకసారి ఆవిడ గరగర తగ్గి, కళ్ళు తెరిచి నన్ను పోల్చుకుందట. నా చెవి దగ్గరికి పిలిచి ఏదో చెప్పిందట. నేనూ ఆవిడ చెవిలో ఏదో చెప్పానట. ఆవిడ నవ్విందట. ఆ తర్వాత ఇక శ్వాస తీసుకోలేదట. నేను తల దించి దిండు మీద పెట్టి, లేచి కుండ దగ్గరికి వెళ్ళానట, తూలకుండా.

"ఏటి సెప్పింది?" అన్నాను.

"ఇనబడనేదమ్మా."

"నానేటన్నాను?"

"నువ్వు సెవిలో కదా అన్నావు. నాను గుమ్మం కాడున్నాను."

"దగ్గరకొచ్చి ఇనొద్దా! అంత పెద్ద మనిసివి, కాస్త ముందుకు జరగొద్దా!" ఆయన మీద విరుచుకుపడ్డాను. అప్పుడు వచ్చింది ఏడుపు. నోటికొచ్చినట్టల్లా తిట్టాను ఆయన్ని, పీట తన్నేశాను, పెద్దమ్మ కాళ్ళ మీద పడి, ఏటన్నావే, నానేటన్నానే, సెప్పవే అని అడిగాను. ఆవిడ నవ్విందంటే ఏదో మంచి మాటే అని ఉంటాను. జీవితంలో ఒక్కసారి నేను ఆవిడకి సరైన మాట చెప్పాను, అది నాకే తెలియదు. అది తెలిసినవాళ్ళు ఇద్దరమే. ఒకరు చచ్చిపోయారు, రెండో దాన్ని నేను.

తవిటయ్యగారు కదల్లేదు. నేను అలిసిపోయి వెక్కుతుంటే, తోడుకుండ తెచ్చి నా ముందు పెట్టారు. మూత ఆయనే తీశారు.

"పొయ్యమ్మా" అన్నారు నెమ్మదిగా. "ఏడిగా ఉండగానే పొయ్యి. రేపటికి మంచి తోడవుతాది. నీకూ తేలికవుతాది."

మొన్న ఆ కుండలో తిట్లు పోశానని మా గుమ్మం తొక్కనంటూ వెళ్ళిన మనిషి ఈయనే.

కుండలోకి చూశాను. చెయ్యి చాపితే చాలు, ఈ నొప్పి దిగిపోతుంది. పొద్దున్నే లేచి, హాయిగా కుండలు కడుక్కోవచ్చు.

"వొద్దు" అని మూత పెట్టేశాను. "ఇది నాకుండనీండి."